కొండగట్టుకు పోని బండి

మా కాలనీలో ఎవరైనా ఇంటికి తాళం వేసి నాలుగు రోజులు కనబడకపోతే పక్కవాళ్లు ఎక్కడికి వెళ్లారని అడుగుతారు. వెళ్లింది పట్నంలోని పిచ్చి దవాఖానకైతే జవాబు ఒకటే ఉంటుంది. కొండగట్టు గుడికి పోయాం, మొక్కు ఉండె అంటారు. తిరిగి వచ్చేటప్పుడు దారిలో ఎక్కడో ఒకచోట కొబ్బరికాయ, కుంకుమ పొట్లం కొంటారు. ఇంకా గట్టిగా నమ్మించాలనుకునేవాళ్లు రోగికి గుండు కూడా చేయించి తెస్తారు. అందుకే గోదావరిఖనిలో కొండగట్టు దారి అందరికీ తెలుసు, దవాఖాన దారి ఎవరికీ తెలియదు. వెళ్లి వచ్చినవాళ్లు కూడా చెప్పరు. నేను చెబుతున్నాను. రేపు మీలో ఎవరికైనా ఆ బండి ఎక్కే అవసరం రావచ్చు.

మా ఆయన పేరు ఓదెలు. పేరు పెట్టి రాస్తున్నందుకు మా అత్త ఏమనుకున్నా సరే. ఆయన బొగ్గు బావిలో టింబర్‌మన్. బొగ్గు తీసిన చోట కప్పు కూలకుండా కర్ర దిమ్మెలు నిలబెట్టే పని. దిమ్మె పెట్టే ముందు కప్పును కర్రతో తట్టి వినాలి. గట్టి కప్పు ఖంగుమంటుంది. వదులైనది ఖాళీ డబ్బాలా మోగుతుంది. ఏళ్ల తరబడి ఆయన చెవిని నమ్మి ఎంతోమంది ఆ కప్పు కింద నిలబడ్డారు. ఒక రోజు ఆయన తట్టి, సరే అన్న చోట ఆయన షిఫ్టులోనే పనిచేసే కనకయ్య నిలబడ్డాడు. కప్పు కూలింది. కనకయ్య పోయాడు. ఓదెలు తప్పేమీ లేదని అందరూ అన్నారు. కనకయ్య భార్య కూడా అంది. ఆయన చెవి మాత్రం ఒప్పుకోలేదు.

కొన్ని నెలలకు ఆయన మా క్వార్టర్ కప్పు తట్టడం మొదలుపెట్టాడు. తర్వాత పక్క క్వార్టర్ల కప్పులు. కిరాణా దుకాణంలో, బస్సులో, పెళ్లి పందిట్లో కూడా చేతిలో పొడుగు కర్రే. మొదట నవ్వారు. "ఓదెలు బావా, మా అత్త నెత్తి గూడ ఒకసారి తట్టి చూడు, లోపట డొల్లగున్నదో ఏమో" అని మా లైనులో ఆడవాళ్లు ఎగతాళి చేశారు. ఒక పూట ఆయన బడిలోకి జొరబడి, కప్పు కూలుతోందని పిల్లలందరినీ బయటికి తరిమాడు. ఒక పిల్ల పడి చెయ్యి విరిగింది. ఆ తర్వాత ఎవరూ నవ్వలేదు.

సారా ఎక్కువైంది అన్నారు. గాలి సోకింది అన్నారు. పసరు పోశారు. మంత్రగాడు వేపమండలతో కొట్టాడు. కొండగట్టుకు కూడా నిజంగానే తీసుకెళ్లాం. దేవుణ్ని నేనేమీ అనను. ఆయన అక్కడి కప్పులు తడుతుంటే ఎవరూ కసరలేదు, కూర్చోబెట్టి అన్నం పెట్టారు. కానీ నిద్ర రాలేదు, భయం పోలేదు. చివరికి బొగ్గు కంపెనీ దవాఖానలో డాక్టరు పట్నానికి రాసిచ్చాడు. మా మరిది మల్లేశ్ తీసుకెళ్లి చేర్పించి వచ్చాడు. నెలన్నర తర్వాత, మనిషి కుదుటపడ్డాడు, ఇంటివాళ్లు వచ్చి తీసుకుపొమ్మని కబురు వచ్చింది. ఈసారి నేను బయలుదేరాను.

వెళ్లేది మనిషిని తెచ్చుకోవడానికి మాత్రమే కాదు. వచ్చే వారం ఓదెలు కంపెనీ మెడికల్ బోర్డు ముందుకు పోవాలి. పట్నం డాక్టరు ఏం రాస్తే బోర్డు దాన్ని చూస్తుంది. ఇక ఏ పనికీ పనికిరాడని తేలితే ఆయన నౌకరి పోయి, ఇంట్లో ఇంకొకరికి వస్తుంది. మాకు కొడుకు లేడు. బడికి వెళ్లే బిడ్డ ఒక్కతే ఉంది. కాబట్టి వచ్చేది మల్లేశ్‌కే. అతను డిగ్రీ తప్పి, ఐదేళ్లుగా ఖాళీగా ఉన్నాడు.

పొద్దున ఆరు గంటలకల్లా రామగుండం స్టేషన్‌కు మల్లేశే నన్ను సైకిలు మీద తెచ్చి దింపాడు. కాగజ్‌నగర్ నుంచి వచ్చే బండి గంట ఆలస్యమన్నారు. ఆ గంటసేపూ మల్లేశ్ ఒకటే మాట.

"వదినా, డాక్టరమ్మతోని గట్టిగ చెప్పు. ఈ మనిషి ఇగ జన్మల బాగుపడడని రాయమను. ఇంట్ల నౌకరి ఇంట్లనే ఉంటది."

"బాగైతుండంటున్నరు గదా?"

"బాగైతే మంచిదే. నేనేమన్న వద్దన్ననా? కాయితం మీద కావద్దు, గంతే."

"అంటే మీ అన్న ఇంట్ల మంచోడు, కాయితంల పిచ్చోడు."

"ఏమైతది వదినా? కాయితం కాలనీల తిరుగుతదా?"

నా లెక్క వేరుగా ఉంది. ఆయనను మళ్లీ టింబర్‌మన్‌గానే బావిలోకి దింపాలి. ఏ లైనులో ఆయనను చూసి తలుపులు వేసుకున్నారో, ఆ లైనులోంచే టోపీ, బూట్లు వేసుకుని ఆయన మొదటి షిఫ్టుకు నడిచిపోవాలి. నేను వాకిట్లో నిలబడి చూడాలి. పట్నం బయలుదేరేటప్పుడు నా మనసులో ఉన్నది అది.

టికెట్ నేనే కొన్నాను. మూడేళ్ల కిందట రాత్రి బడిలో అక్షరాలు నేర్చుకున్నాను కాబట్టి బోర్డు చదివి వరుసలో నిలబడ్డాను. సంచిలో సర్వపిండి, నీళ్ల సీసా, ఆయనకు ఒక జత బట్టలు. వెళ్లేవాళ్లకు ఒక మాట. దుప్పటి తప్పకుండా పెట్టుకోండి, అక్కడ ఒక రాత్రి వరండాలో గడపాల్సి వస్తుంది.

జనరల్ పెట్టెలో కిటికీ దగ్గర చోటు దొరికింది. నా ఎదురుగా ఒక ముసలవ్వ, పక్కన ఆమె బిడ్డ. బిడ్డకు ఇరవై ఏళ్లుంటాయి. తలమీదుగా చెద్దరు కప్పుకుని ఎటూ చూడకుండా కూర్చుంది. వాళ్లు మందమర్రిలో ఎక్కారట. అవ్వ పక్కన బెల్లంపల్లిలో మోటార్లకు వైండింగు చేసే ఖాజా భాయ్. మాటకారి. అప్పటిదాకా కునుకు తీసినట్టున్నాడు, బండి కదలగానే చాయ్ అందుకుని అవ్వను అడిగాడు.

"ఎక్కడిదాక అవ్వా?"

"కొండగట్టుకు బిడ్డా. మొక్కున్నది."

ఖాజా భాయ్ తాగుతున్న చాయ్ కింద పెట్టాడు. "అరె, ఈ బండి కొండగట్టుకు పోదు గదా! ఎవలెక్కిచ్చిన్రు నిన్ను?"

అవ్వ తడబడింది. "మా అల్లుడు."

"నీ అల్లునికి దిమాక్ ఉన్నదా? మందమర్రికెళ్లి మంచిర్యాల పోయి, అక్కడ జగిత్యాల బస్సెక్కితే అయిపోతుండె. రైలెక్కిచ్చిండా వాడు!"

"తెలువక ఎక్కిచ్చిండు తియ్యి."

"ఏం ఫికర్ చెయ్యకు. నేనున్న గదా. పెద్దపల్లిల దింపుత. ఆడ కరీంనగర్ బస్సు. కరీంనగర్ల మళ్ల ఇంకో బస్సు."

"వద్దు బిడ్డా, మేం పోతం తియ్యి."

"ఎట్ల పోతరు? పట్నం పోయి కొండగట్టుకు తిరిగొస్తరా? ఇద్దరు ఆడోళ్లు!"

పెట్టెలో అందరికీ పని దొరికింది. ఒకాయన పెద్దపల్లి కంటే జమ్మికుంట నయమన్నాడు. ఇంకొకామె, ఈ రోజు మంగళవారం కాదు కాబట్టి రద్దీ ఉండదని ధైర్యం చెప్పింది. అవ్వ అందరికీ తలూపుతోంది. చెద్దరు కింద బిడ్డ చేతులు వణుకుతున్నాయి. ఆ వణుకు నాకు తెలుసు. గోలీలు వేసుకుని ఆపేసినవాళ్ల చేతులు అట్లాగే ఉంటాయని కంపెనీ దవాఖానలో నర్సు చెప్పింది.

పెద్దపల్లి వచ్చింది. ఖాజా భాయ్ మాట నిలబెట్టుకునే మనిషి. అవ్వ సంచి భుజాన వేసుకుని చకచకా దిగి ప్లాట్‌ఫాం మీద పెట్టి, "జల్ది రా అవ్వా, బండి ఆగదు" అని కేక వేశాడు. అవ్వ సీటు అంచు పట్టుకుని కూర్చుంది. లేవదు, నిజం చెప్పదు. నా వైపు చూసింది. మరుక్షణం లేచి నిలబడి, బిడ్డ చెయ్యి పట్టుకుని, నిజంగానే దిగిపోబోయింది. అబద్ధం బయటపడకుండా ఉండడానికి అవసరమైతే కరీంనగర్ బస్సు కూడా ఎక్కేసేదే.

నేను కిటికీలోంచి అరిచాను. "భాయ్, సంచి లోపట పెట్టు! వాళ్లు పోయేది పిచ్చి దవాఖానకు. నేను గూడ ఆడికే పోతున్న."

పెట్టెలో అందరూ నా వైపు తిరిగారు. ఖాజా భాయ్ సంచి ఎత్తుకుని కదులుతున్న బండిలోకి ఎక్కాడు. ఊపిరి పీల్చుకుని, సంచి సీటు కింద తోసి, "ముందే చెప్తే ఇంత బరువు మోస్తుంటినా?" అన్నాడు.

మొదట నవ్వింది ఆ బిడ్డ. చెద్దరు జారింది. ఆమె పేరు రజిత అని అప్పుడు తెలిసింది.

పక్క వరుసలో తెల్ల బట్టల పెద్దమనిషి ముఖం చిట్లించాడు. "గట్ల నలుగుట్ల చెప్పుకుంటరా ఆడోళ్లు?"

"నలుగురు కొన్న కిటికీలనే టికెట్ కొన్నం గదా సారూ" అన్నాను.

ఆయన పేపరు అడ్డం పెట్టుకున్నాడు. ఖాజా భాయ్ చల్లారిన చాయ్ తాగేశాడు. తర్వాత నా వైపు వంగి చిన్నగా అన్నాడు. "అక్కా, మా పెద్దన్నను గూడ రెండేండ్ల కింద ఆడనే చూపెట్టినం. మేం కొండగట్టు అనం గదా. దర్గా అని చెప్పినం." ఆ తర్వాత దారంతా ఆయనే మాకు గురువు. డాక్టరును చూడడానికి చిట్టీలు పొద్దున మాత్రమే ఇస్తారని, ఈ ఆలస్యపు బండి దిగి పరుగెత్తినా దొరకవని, పేషెంటు పాత మందుల పొట్లాలు పారేయకుండా తీసుకెళ్లాలని, గేటు ఎదుట కాదు, సందులో ఉన్న హోటల్లో అన్నం బాగుంటుందని చెప్పాడు. ఇవన్నీ రెండేళ్లుగా ఆయన కడుపులోనే ఉన్నాయి. అడిగినవాళ్లు లేరు.

ఓదెల స్టేషన్‌లో మా బండి ఆగలేదు. పసుపు బోర్డు మీద మా ఆయన పేరు నల్లగా, పెద్దగా దాటిపోయింది. ఆ ఊరి దేవుడు ఓదెల మల్లన్న పేరే మా మామ కొడుక్కి పెట్టుకున్నాడు. కాజీపేటలో చాయ్ తాగాం. సర్వపిండి అవ్వకు, రజితకు, ఖాజా భాయ్‌కి పెట్టాను. పెద్దమనిషికి కూడా ఇవ్వబోయాను. ఆయన తీసుకోలేదు కానీ పేపరు పక్కన పెట్టాడు.

మధ్యాహ్నం దాటాక సికింద్రాబాద్ చేరాం. ఖాజా భాయ్ తన పనికి వెళ్లిపోయాడు. స్టేషన్ బయట సిటీ బస్సులు ఆగేచోట ఎవరిని అడిగినా దవాఖాన బస్సు చూపిస్తారు. అడగడమే కష్టం. బస్సులో కండక్టర్‌కు టికెట్ చెప్పేటప్పుడు అవ్వ మళ్లీ నసిగింది. రజితే చెప్పింది, "పిచ్చి దవాఖాన, మూడు." కండక్టరు చిల్లర ఇస్తూ తలెత్తి కూడా చూడలేదు. ఆయనకు అది ఒక స్టాపు, అంతే.

దవాఖాన గోడ చాలా పొడుగు. గేటు దాటితే లోపల చెట్లు, చెట్ల కింద మనుషులు. నేను అరుపులు వినబడతాయనుకున్నాను. ఒకాయన ఎవరికో జుట్టు కత్తిరిస్తున్నాడు, ఇద్దరు బట్టలు ఆరేస్తున్నారు. మగవాళ్ల వార్డులోకి చూడడానికి సాయంత్రం నాలుగు గంటలకు వదిలారు.

ఓదెలు చెట్టు మొదట్లో కూర్చుని ఉన్నాడు. ఒళ్లు వచ్చింది. గడ్డం గీశారు. నన్ను చూసి లేచాడు కానీ నడక నెమ్మదిగా ఉంది, మాట కొంచెం మందంగా వస్తోంది.

"మల్లేశ్ రాలే?"

"నేనే వచ్చిన."

"ఒక్కదానివే? ఎట్ల వచ్చినవ్?"

"బోర్డులు చదువుకుంట వచ్చిన."

నవ్వాడు. నాలుగు నెలలైంది ఆయన నవ్వు చూసి. మచ్చలేమైనా ఉన్నాయేమోనని ఆయన కణతల వైపు చూశాను. ఆయనే చెప్పాడు. "కరెంటు పెట్టిన్రా అని భయపడుతున్నవా? పెట్టలే. గోలీలే. నోరు మాత్రం బాగ చేదుంటది."

"కప్పు?"

పైకి చూశాడు. అక్కడ ఆకులున్నాయి. "కప్పు మోగుతనే ఉంటది. మునుపు చెవుల కాడ మోగుతుండె. ఇప్పుడు అవతలి లైన్ల మోగినట్టు ఉంటది. వినుకుంట అన్నం తినొచ్చు."

రాత్రికి రోగుల ఇంటివాళ్లు ఉండే వరండాలో అవ్వ, రజిత, నేను పక్కపక్కన దుప్పట్లు పరుచుకున్నాం. చీకటి పడుతుండగా ఆడవాళ్ల వార్డు ఆయా హలీమాబీ డ్యూటీ దిగి మా దగ్గర కూర్చుంది. ఆమె తల్లి కూడా ఇట్లాంటి దవాఖానలోనే ఆయా. బొగ్గు బావుల నుంచి వచ్చామంటే, "మీ దిక్కోళ్లు మస్తు మంది వస్తరు. అందరు కొండగట్టు నుంచే వస్తరు" అని కన్ను కొట్టింది. అవ్వ కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది.

రజిత అడిగింది, "మునుపు గొలుసులు ఏసేటోళ్లట, నిజమేనా?"

"మా అమ్మ కాలంల ఏసేటోళ్లు బేటీ. అప్పుడు అంతట గట్లనే. పిచ్చోల్ల దవాఖాన అంటే జైలుకు తమ్ముడే. మా అమ్మ కొత్తగ చేరినప్పుడు ఆమెకు ఇచ్చింది మందుల డబ్బా కాదు, తాళంచెవుల గుత్తి. గొలుసులు తీసిన దినం గూడ ఆమె చూసింది. తీసినంక ఆ మనుషులు కాళ్లు ఈడ్చుకుంటనే నడిచిన్రట. గొలుసు ఉన్నట్టే."

"ఇప్పుడు లేవు గదా?"

"ఈడ లేవు." హలీమాబీ అవ్వ వైపు చూసింది. "ఇంట్ల ఉన్నయి. దర్గాల కాడ, గుళ్ల కాడ, పెరట్ల ఉన్నయి. మునుపు మనుషులను తెచ్చి ఇచ్చి తప్పు అడ్రసు రాయించి పోయేటోళ్లు. నా వార్డుల ఒక ముసలామె ఉన్నది. ఆమె ఊరికి ఉత్తరం రాస్తే, గట్లాంటి ఊరే లేదని తిరిగొచ్చింది. ఇప్పుడు ఇంటోళ్లు కూడ ఉండాలంటున్నరు, నెలకోసారి చూపిచ్చి మందు ఇంటికే తీసుకపొమ్మంటున్నరు. మందు మంచిగయింది. ఊరు మంచిగ కాలే."

అవ్వ నోటి మీద కొంగు తీసింది. "దీన్ని రెండు నెలలు మంచానికి కట్టేసినం" అంది. రజిత తల్లి భుజం మీద తల పెట్టింది. హలీమాబీ లేస్తూ, "పొద్దుగాల ఏడింటికే లైన్ల నిలవడుండ్రి. లేకుంటే ఎండల చస్తరు" అని వెళ్లిపోయింది.

మరునాడు పది గంటలకు మమ్మల్ని డాక్టరమ్మ పిలిచింది. కోస్తా మాట, నెమ్మదైన మనిషి. ఆమె బల్ల ముందు రెండు కుర్చీలు. నేను ఒకదాంట్లో కూర్చున్నాను. ఓదెలు నిలబడే ఉన్నాడు. ఆమె నాతో మాట్లాడడం మొదలుపెట్టింది.

"మీ మరిది ఇతన్ని చేర్పించినప్పుడే చెప్పాడండీ, కంపెనీ బోర్డు ఉందని. పూర్తిగా అన్‌ఫిట్ అని రాసిస్తారా అని అడిగాడు. మీ ఇంట్లో అందరి మాటా అదేనా?"

"ఇంట్ల అందరిలో నేను లేను మేడమ్. ఆయనకు బాగైంది. పాత పనికే పోతడని రాయుండ్రి."

"అంత తొందరెందుకు? మళ్లీ ఆ కప్పు కిందికి పంపుతారా?"

"పంపుత. మా లైనోల్లు చూడాలె."

డాక్టరమ్మ ఇంకేదో అనబోయింది. వెనకనుంచి ఓదెలు అన్నాడు. "నన్నెవరన్న అడుగుతరా?"

మేమిద్దరం ఆయన వైపు తిరిగాం. ఆయన రెండో కుర్చీ లాక్కుని కూర్చున్నాడు. మందుల వల్ల మాట మెల్లగా వస్తోంది. మేము మధ్యలో అందుకోకుండా ఆగాల్సి వచ్చింది.

"నేను బావిల దిగ. ఇగ ఏ కప్పు తట్టి, మంచిగున్నదని ఎవనికీ చెప్ప. నాతోని కాదు."

నా ఒళ్లు మండింది. "అంటే మల్లేశ్ అన్నదే ఖరారా? పిచ్చోన్ని అని రాయించుకుంటవా?"

"అది గూడ రాయించుకోను. మల్లేశ్ చేర్పించిననాడు అంగూఠా ముద్ర పెట్టిపిచ్చిండు. నాకు సంతకం వస్తది. చేతులు వణికితే ఏంది, వంకర వస్తది. నేను పనికిరానోన్ని కాదు. పైన పని ఉన్నది గదా. లాంప్ రూముల ఉంట. స్టోర్ల ఉంట. ఏదిస్తే అది చేస్త."

"పైన పనంటే జీతం సగానికి పడుతది. అందరు నవ్వుతరు. టింబర్‌మన్ ఓదెలు దీపాలు తుడుస్తుండంటరు."

"ఇన్ని దినాలు నవ్వలే? చచ్చిపోయినవా?" ఆయన గొంతు పెరగలేదు. "నీకు మొగడు కావాల్నా, టింబర్‌మన్ కావాల్నా?"

నేను డాక్టరమ్మ వైపు చూశాను. ఆమె కలం మూత తీసి, ఇంకా రాయకుండా కూర్చుంది. నేను ఇంట్లో అందరి మాటా కాదనుకుని వచ్చాను. మల్లేశ్ ఆయనను ఒక కాగితంలో పెట్టాలనుకున్నాడు, నేను ఇంకో కాగితంలో పెట్టాలనుకున్నాను. ఆయన రెండిట్లోనూ కూర్చోనంటున్నాడు. కోపం పోవడానికి కాసేపు పట్టింది.

"ఆయన చెప్పినట్టు రాయుండ్రి మేడమ్" అన్నాను.

ఆమె రాసింది. చికిత్సలో ఉన్నాడు, కుదుటపడ్డాడు, బావిలోకి దింపవద్దు, పైన పని చేయగలడు. ఇంగ్లీషులో రాసినదాన్ని తెలుగులో మాట మాట చెప్పింది. మందు మానితే మళ్లీ వస్తుందని, నెలకోసారి రావాలని రెండుసార్లు చెప్పింది. కంపెనీ ఒప్పుకుంటుందో లేదో తన చేతిలో లేదనీ అంది.

"ఒప్పుకోకుంటే మళ్ల అడుగుతం" అన్నాడు ఓదెలు. సంతకం పెట్టాడు. నిజంగానే వంకరగా వచ్చింది.

బయట వరుసలో అవ్వ, రజిత ఉన్నారు. రజితను చేర్చుకోనక్కర్లేదు, మందులిచ్చి పంపుతామన్నారట. అవ్వ చేతిలో మందుల పొట్లం పట్టుకుని, "మందమర్రిల అడిగితే ఏమని చెప్పాలె బిడ్డా?" అంది. రజిత, "నన్ను అడిగితే నేను చెప్త తియ్యమ్మా" అంది.

మధ్యాహ్నం రెండింటికి సందులోని హోటల్లో అన్నం తిన్నాం. ఖాజా భాయ్ చెప్పినట్టే బాగుంది. మూడు దాటాక బండి ఎక్కాం, అవ్వకు, రజితకు ఆడవాళ్ల పెట్టెలో చోటు దొరికింది. తిరుగు ప్రయాణంలో ఓదెలు ఎక్కువసేపు నిద్రపోయాడు. భువనగిరి కొండ దాటేటప్పుడు నోరు తెరుచుకుని ఉంది, చొంగ కారుతోంది. ఎదురు సీటు ఆమె పిల్లవాణ్ని దగ్గరికి లాక్కుంది. నేను కొంగుతో ఆయన నోరు తుడిచి, "మందు వేసుకున్నడు. పిచ్చి దవాఖాన నుంచి ఇంటికి తీసుకపోతున్న" అని చెప్పాను. ఆమె కాసేపు ఆలోచించి, "అన్నం తిన్నడా?" అని అడిగింది.

ఈ రెండు రోజుల్లో నాకు అర్థమైనది రాస్తాను. దవాఖాన దూరం కాదు. పొద్దున బయలుదేరితే మధ్యాహ్నానికి చేరవచ్చు. దాన్ని దూరం చేసేది మనం చెప్పే దొంగ దారి. ఆ దారిలో పోయినవాళ్ల వెనక ఇంకొకరు రాలేరు. మందుకు చేదు ఉంటుంది, మాట మందగిస్తుంది, మునుపటి మనిషి మునుపటిలాగే తిరిగి రాడు. ఇవి దాచను. కానీ తిరిగి వచ్చే మనిషికి తన మాట తనకు ఉంటుంది. దాన్ని వినడానికి ఇంట్లో చోటు ఉంచాలి. నేను ఆ చోటు ఉంచలేదని డాక్టరమ్మ గదిలో తెలిసింది.

రాత్రి ఎనిమిదికి రామగుండంలో దిగాం. మల్లేశ్ స్టేషన్ బయట ఆటో మాట్లాడి పెట్టాడు. అన్నను చూసి సంచి అందుకున్నాడు. గోదావరిఖని చేరేదాకా ఓపిక పట్టలేక ఆటోలోనే అడిగాడు.

"ఏం రాసిచ్చిన్రు వదినా?"

"మీ అన్ననడుగు."

"పైన పనికి పోత తమ్మీ" అన్నాడు ఓదెలు.

మల్లేశ్ ఒళ్లోని సంచి కాళ్ల దగ్గర పడేశాడు. "మరి నా బతుకేంది? ముప్పై ఏండ్లొస్తున్నయి. నీకు ఎట్లాగూ బావిల పని చెయ్యరాదు గదా అన్నా, ఒక్క మాట రాయిస్తే ఏం పోతుండె?"

"నీకు పని దొరుకుడు కష్టమే. నేను గూడ తిరుగుత నీకోసం. గానీ నా రోగం నాది తమ్మీ. దాన్ని నీకు ఆస్తి లెక్క రాసియ్య."

చౌరస్తాలో, మా లైనుకు మలుపు తిరిగే ముందు, ఓదెలు ఆటో ఆపమన్నాడు. అక్కడ చాయ్ హోటల్. ఆయన షిఫ్టువాళ్లు రోజూ కూర్చునే బల్లలు. ఆ సమయానికి ఐదారుగురు ఉన్నారు. ఆయన దిగి, మెల్లగా నడిచి, ఎప్పుడూ కూర్చునే బల్ల మీద కూర్చున్నాడు. అందరూ చేతుల్లో గ్లాసులు దించి చూశారు. నేనూ వెళ్లి పక్కన కూర్చున్నాను. మా వాడకట్టు ఆడది ఎవరూ ఆ బల్ల మీద కూర్చోగా నేను చూడలేదు.

బావిలో బొగ్గు ఎత్తి నింపే ఫిల్లర్ పోశం అనే ఆయన చివరికి అడిగాడు. "ఏడికి పోయినవ్ ఓదెలన్నా, ఇన్ని దినాలు?"

"పిచ్చి దవాఖానకు. నెలన్నర ఉన్న. మళ్ల వచ్చే నెల పోవాలె." హోటలాయన వైపు తిరిగాడు. "మూడు చాయ్‌లు పెట్టు. చక్కెర జర ఎక్కువెయ్యి, గోలీలకు నోరు చేదున్నది."

పోశం తన బల్ల మీద కాస్త జరిగాడు. ఇంకొకతను లేచి వెళ్లిపోయాడు. మిగతావాళ్లు కూర్చున్నారు. మల్లేశ్ సంచి పట్టుకుని ఆటో దగ్గరే నిలబడ్డాడు. పిలిచాం, లోపలికి రాలేదు. మూడో గ్లాసు మీద మీగడ కట్టకముందే నేనే అందుకుని తాగాను.